పొట్లం విప్పని సూది

అడుగుతున్నాను, జవాబు చెప్పండి. మీ కళ్ల ముందు ఒక మనిషికి ఊపిరాడటం లేదు. రొమ్ము ఒక పక్క ఉబ్బింది. పెదవులు నేరేడు పండు రంగుకు తిరిగాయి. మీ చేతిలో బండి ఉంది. ఎటు తిప్పుతారు? దగ్గరున్న చిన్న ఆస్పత్రికా, దూరాన ఉన్న పెద్ద ఆస్పత్రికా?

ఈ మాట నేను కౌతాళంలో అడిగాను, ఆస్పరిలో అడిగాను, ఎమ్మిగనూరు సంతలో నిలబడి గొంతు చించుకుని అడిగాను. "కర్నూలుకు తీసకపోతామయ్యా, ఇంగ యాడికి?" అన్నారు అందరూ, ఇదీ ఒక ప్రశ్నేనా అన్నట్టు. నవ్వినవాళ్లు కూడా ఉన్నారు. నాకు నవ్వు రాలేదు. ఆ జవాబు వల్లనే మా డాక్టరమ్మ పోయింది.

శ్రావణమాసం. ఉరుకుంద ఈరన్న దగ్గరికి జనం బస్సుల నిండా పోతున్న రోజులు. ఆదోని నుంచి ఎమ్మిగనూరుకు ఆటోలో వస్తూ ఉంటే పట్టపగలే దారిలో దెబ్బ తగిలింది ఆమెకు. కారులోకి మార్చి కర్నూలుకు తీసుకుపోతుంటే కోడుమూరు రాకముందే, వెనక సీటులోనే కన్ను మూసింది. కబురు వచ్చేసరికి నేను మగ్గం గుంటలో ఉన్నాను. నా భార్య గడప దగ్గర నిలబడి "డాక్టరమ్మ లేదంట" అంది. "యాడికి పోయింది?" అన్నాను నేను, గురువారం కదా, ఎమ్మిగనూరుకు వచ్చే రోజు కదా అనుకుంటూ. ఆమె కొంగు నోట్లో కుక్కుకుంది. పోగును అటూ ఇటూ నడిపే నాడె నా చేతిలోంచి జారి కింద పడింది. దాన్ని ఎత్తి మళ్లీ నేతకు పెట్టడానికి నాకు చాలా రోజులు పట్టింది.

నేను బడిలో చదివినవాణ్ని కాను. మగ్గం పక్కన వాక్యం తెరిచి పెట్టుకుని, అక్షరం అక్షరం కూడబలుక్కుని నేర్చుకున్నవాణ్ని. ఆదివారం వస్తే ఊరూరా తిరిగి బోధిస్తాను. గొంతు పెద్దది, కోపం ఇంకా పెద్దది. ఆమె మా వాక్యాన్ని నమ్మిన మనిషి కాదు. ఆదోని పట్నంలోని ఒక ముస్లిం ఇంట పుట్టింది. రంజాన్ నెలలో ఉపవాసం ఉండి కూడా రోగులను చూసేది. ఇఫ్తారు వేళకు ఖర్జూరం నోట్లో వేసుకుని, గింజ బుగ్గన పెట్టుకునే మందుల చీటీ రాసేది. దేవుడు ఆమెను నా ఇంటికి ఏ దారిన పంపాడో చెబుతాను వినండి.

నా తమ్ముడు అప్పట్లో ఆదోని జిన్నింగు మిల్లులో హమాలీ. అదిమి కట్టిన పత్తి బేలును చూసినవాళ్లకు తెలుసు, అది బండతో సమానం. లారీ మీద పేర్చిన బేలు ఒకటి జారి వాడి ఎడమ రొమ్ము మీద పడింది. నేను ఆ రోజు అమ్మను చూడటానికి ఆదోనికి వచ్చి ఉన్నాను. తోటి హమాలీలు వాణ్ని చేతుల మీద మోసుకుని డాక్టరమ్మ పనిచేసే ఆస్పత్రికి పరుగెత్తారు. వాళ్ల వెనక నేను, నా వెనక అమ్మ, అమ్మ వెనక మిల్లు గుమాస్తా.

గుమాస్తా మంచివాడే. వచ్చీ రాగానే చేతులు జోడించాడు. "మేడం, సావుకారి కారు గేటు కాడనే ఉంది. కర్నూలుకు రాసియ్యండి, ఎగరేసుకుని పోతాము. ఖర్సు గురించి సూడొద్దండి."

ఆమె ఆయన వైపు చూడనే లేదు. కళ్లద్దాలు తల మీదికి తోసి, తమ్ముడి రొమ్ము మీద ఒక వేలు ఆనించి ఇంకో వేలితో తట్టింది. కుడి పక్క మామూలు చప్పుడు. ఎడమ పక్క తట్టితే డప్పు మోగినట్టు మోగింది. అంత గోలలోనూ ఆ చప్పుడు నాకు వినిపించింది. మెడ నరాలు తాళ్లలా లేచి ఉన్నాయి. గొంతు గుంటలో వేలు పెట్టి చూసింది. ఊపిరి గొట్టం నడిమధ్య ఉండవలసింది ఒక పక్కకు ఒరిగిపోయింది.

"రాసిస్తా లెండి," అంది గుమాస్తాతో. "ఇట్లనే తీసకపోతే కర్నూలులో శవాన్ని దింపుకుంటారు. పక్కకు జరగండి."

ఎక్స్‌రేకు పంపాలా అని నర్సమ్మ అడిగింది. "అది తీసే లోపల ఈ మనిషి ఉండడు. సూది తే. లావుది, పొడుగుది."

సూది అనే మాట మా అమ్మ చెవిన పడింది. ఆ తరువాత ఆ గది గదిలా లేదు. అమ్మ మంచానికి అడ్డం పడింది. "వద్దమ్మా! నా బిడ్డ గుండెలో పొడవొద్దమ్మా! కర్నూలుకు తీసకపోతామమ్మా, ఇడిసిపెట్టమ్మా!" నేను మోకాళ్ల మీద పడి పైకప్పు ఎగిరిపోయేటట్టు ప్రార్థన చేస్తున్నాను.

"గుండెలో కాదవ్వా," అంది ఆమె, చేతికి తొడుగు వేసుకుంటూనే. "గుండెను తొక్కుతాండే గాలిని పొడుస్తాండా." తరువాత నా వైపు తిరిగి, "ఎవరప్పా ఈ మైకు? మొక్కప్పా, బాగా మొక్కు, నేను వద్దనను. ఆ పక్క నిలబడి మొక్కు. ఈ పక్క నాకు దారియ్యి," అంది.

నేను లేచి అమ్మను పట్టుకుని పక్కకు జరిగాను. ఆమె కాలర్ ఎముక కింద వేళ్లతో తడిమి, ఒక చోట ఆగి, పక్కటెముక అంచు మీదుగా సూది దించింది. సైకిలు ట్యూబు పిన్ను వదులు చేస్తే ఎట్లా శబ్దం వస్తుందో, అట్లాంటి శబ్దం వచ్చింది నా తమ్ముడి రొమ్ములోంచి. స్స్‌స్ అని, ఆగకుండా. ఆ శబ్దం సన్నబడేకొద్దీ వాడి రొమ్ము దిగింది. వాడు ఒక ఊపిరి తీశాడు, తరువాత ఇంకొకటి. పెదవుల మీది నలుపు మెల్లగా వెనక్కి పోయింది. అమ్మ ఏడుపు ఆపి, నోరు తెరిచి, ఆ సూది వైపే చూస్తూ నిలబడింది.

"ఇప్పుడు పోండి కర్నూలుకు," అంది డాక్టరమ్మ. "పక్కలో గొట్టం వేసి, ఎముకలు సూసి పంపుతారు. ఇప్పుడైతే అందుతాడు." నర్సమ్మను కూడా బండి ఎక్కించింది. "ఈ సూది గొట్టం మెలిక పడితే మళ్లా గాలి నిండుతాది. కర్నూలు దాకా దీని మీదినించి కన్ను తిప్పొద్దు," అని చెప్పి పంపింది.

మట్టిబొమ్మ ముక్కులో ఊపిరి ఊది దేవుడు మనిషిని లేపిన సంగతి నేను ఎన్ని ఊళ్లలో బోధించానో లెక్క లేదు. లోపలికి పోయే ఊపిరే జీవమని బోధించాను. బయటికి పోవలసిన గాలి పోలేకపోయినా మనిషి చస్తాడని ఆ గదిలోనే తెలుసుకున్నాను. ఆమె తరువాత నాకు తెలిసేటట్టు చెప్పింది. విరిగిన ఎముక ఊపిరితిత్తిని చీల్చుతుంది. పీల్చిన ప్రతిసారీ ఆ చీలికలోంచి గాలి రొమ్ములోకి కారుతుంది, మళ్లీ బయటికి పోవడానికి దారి ఉండదు. "మీ మిల్లులో ప్రెస్సు పత్తిని ఎట్ల అదుముతాది? ఆ గాలి ఊపిరితిత్తిని అట్లనే అదిమి బేలు కట్టేస్తాది. తరువాత గుండెను అవతలికి తోస్తాది. పెద్ద మందులేమీ పనికిరావు దానికి. ముందు గాలికి దారియ్యాల. మిగిలినవన్నీ తరువాత."

సిలువ మీద ప్రక్కలో బల్లెం దిగిన దేవుణ్ని నమ్మినవాణ్ని నేను. ప్రక్కలో దిగిన సూది చూసి ఎట్లా మరిచిపోతాను?

ఆ రోజు నుంచి నేను ఆమెకు మైకయ్యను. ఎదురుపడితే చాలు, "ఏం మైకయ్యా, నిన్న నీవు కౌతాళంలో సెప్పిన వాక్యం మా ఇంటి మిద్దె మీదికి ఇనపడింది," అనేది. చాయ్ సాసర్లో పోసుకుని తాగేది. తల మీద కళ్లద్దాలు పెట్టుకుని వాటి కోసమే బల్ల సొరుగులు వెతికేది. ఎవరూ చెప్పకూడదు. చెబితే, "నాకు తెలుసు లేప్పా," అని గద్దించేది. బీడీ వాసన తగిలితే చీటీ రాయకుండా కలం కింద పెట్టి కూర్చునేది. బజారులో పుచ్చకాయలు కొనేటప్పుడు రొమ్ములు తట్టినట్టే ఒక్కొక్క కాయనూ తట్టి చూసేది. ఒకసారి పండ్లమ్మే ఆమె విసుక్కుంది. "అమ్మా, కొంటావా, వైద్యం సేస్తావా?" డాక్టరమ్మ ఒక కాయను పక్కన పెట్టి, "దీనికి మాత్రం పానం బాగలేదు, దీన్ని అమ్మొద్దు," అంది. కోసి చూస్తే లోపల కుళ్లి ఉంది. పండ్లామె ఆ తరువాత తన దగ్గును కూడా ఆమెకే చూపించుకుంది.

ఆమె సంచిలో ఎప్పుడూ ఒక లావు సూది ఉండేది, కాగితం పొట్లం చింపనిది. పొట్లం మీద రాసిన గడువు తీరితే పారేసి కొత్తది పెట్టుకునేది. ఇది ఎందుకమ్మా బజారుకు కూడా అని అడిగాను.

"నీవు ఆ గ్రంథాన్ని సంకలో పెట్టుకుని ఎందుకు తిరుగుతావు?"

"ఎప్పుడు అక్కరొస్తాదో తెలీదు కదమ్మా."

"నాదీ అంతే." మళ్లీ వేలెత్తింది. "ఒక్కటి గుర్తు పెట్టుకో. నీది ఎవురైనా తెరవొచ్చు. నాది నేర్సినోళ్లే తెరవాల. నేర్వని చెయ్యి పొడిస్తే బతికేటోడు కూడా సస్తాడు."

తమ్ముడు మళ్లీ బేలు ఎత్తలేకపోయాడు. ఆటో తోలడం మొదలుపెట్టాడు. ఆమె ఉద్యోగం నుంచి దిగిపోయాక, గురువారం గురువారం ఎమ్మిగనూరు వచ్చి, మా వీధిలోనే ఒక చిన్న గదిలో కూర్చుని నేతగాళ్ల దగ్గులూ ఆయాసాలూ చూసేది. ఆమెను తీసుకొచ్చేది, తీసుకుపోయేది నా తమ్ముడే. ఇంకెవరి ఆటో ఎక్కినా వాడు అలిగేవాడు.

ఇక్కడే ఒక సంగతి ఉంది, జాగ్రత్తగా వినండి. నా తమ్ముడికి సూది పొడిచినప్పుడు స్పృహ లేదు. వాడు కళ్లు తెరిచింది కర్నూలులో. తెరిచేసరికి పక్కలో గొట్టం, చుట్టూ తెల్ల కోట్లు, గాజు తలుపులు. సూది సంగతి మేము ఎన్నిసార్లు చెప్పినా, నొప్పికి ఏదో ఇంజెక్షన్ వేశారన్నట్టు తల ఊపేవాడు. గొట్టం తీసిన చోట వాడి పక్కన గట్టి గాటు పడింది. ఆ గాటు వాడికి తీర్థం పోయివచ్చిన గుర్తు. ఆటో ఎక్కినవాళ్లందరికీ చొక్కా ఎత్తి చూపించేవాడు. "సచ్చి బతికినోణ్ని అన్నా. కర్నూలులో దేవుళ్లుండారు. ఏమన్నా అయితే ఇంకో మాట లేదు, కర్నూలే."

ఒక గురువారం నేనూ ఆ ఆటోలోనే ఉన్నాను. వెనక నుంచి డాక్టరమ్మ, "ఒరేయ్, వాళ్లు పెట్టిన గాటు సూపిస్తాండావు. నేను పొడిసింది సూపించురా," అంది.

"యాడుంది మేడం అది! సీమ కుట్టినంత కూడా లేదు."

"అదేరా నా పనితనం," అని నవ్వింది. కాసేపటికి నవ్వు ఆపి, వాడి భుజం తట్టింది. "ఒక మాట ఇను. పెద్దాస్పత్రి యాడికీ పోదు. పానమే పోతాది. ముందు దగ్గర ఆపు, తరువాత దూరం పో."

"సరే మేడం, సరే మేడం," అన్నాడు తమ్ముడు, హారన్ కొడుతూ. ఆ మాట హారన్‌తోపాటే గాలికి పోయింది.

ఇంకోసారి ఆమె నన్ను అడిగింది. "మైకయ్యా, నీ గ్రంథంలో దెబ్బలు తగిలినోళ్ల కథ ఏదన్నా ఉందా?" ఉందమ్మా అని, దొంగలు కొట్టి దారిలో పడేసిన బాటసారి సంగతి చెప్పాను. పూజారి చూసి తప్పుకుపోయాడు, పెద్దమనిషి చూసి తప్పుకుపోయాడు, వేరే జాతివాడు, అందరూ ఈసడించుకునేవాడు మాత్రం ఆగి కట్టు కట్టి గాడిద మీద ఎక్కించుకున్నాడు అని చెప్పాను.

"ఎక్కించుకుని యాడికి తీసకపోయినాడు?"

"దగ్గరున్న సత్రానికి."

ఆమె చేతిలోని సాసరు కింద పెట్టింది. "సూడు మరి! పట్నానికి తీసకపోలే. రాజుగారి వైద్యుని కాడికి తీసకపోలే. దగ్గరి సత్రం. ఇది సెప్పప్పా నీ జనాలకు, గొంతు ఉంది కదా!"

దయ గురించి ఎన్నోసార్లు బోధించిన కథ అది. సత్రం మీద ఆగి చూసింది ఆమె. వాక్యాన్ని చేత పట్టుకుని తిరిగే నాకు వాక్యం విప్పి చెప్పింది, మా వాక్యం చదవని మనిషి. దేవుడు తన మాటను ఎవరి నోట పెడతాడో మనం ఏర్పాటు చేయలేము.

ఇంక చెప్పవలసింది చెప్పాలి.

ఆ గురువారం ఆదోని దాటి సగం దారి పైన వచ్చాక దారికి అడ్డంగా గేదె వచ్చింది. తమ్ముడు తప్పించబోయాడు. ఆటో పక్కకు పడింది. వాడికి మోచేతులు గీసుకుపోయాయి, అంతే. ఆమె పక్కటెముకలకు ఆటో ఇనుప కడ్డీ బలంగా తగిలింది. మొదట లేచి కూర్చుంది, మాట్లాడింది కూడా. వెనకే వస్తున్న ఒక పత్తి వ్యాపారి కారు ఆగింది. అందులో డ్రైవరు ఒక్కడే ఉన్నాడు. ఇద్దరూ కలిసి ఆమెను వెనక సీటులో పడుకోబెట్టారు. తమ్ముడు పక్కనే కూర్చుని తల ఒళ్లో పెట్టుకున్నాడు. అటుపైన ఏం జరిగిందో నాకు చెప్పింది ఆ డ్రైవరు.

"యమ్మిగనూరులో ఆపండి అనింది సామీ. మాట స్పష్టంగానే ఉండె. మీ తమ్ముడు, 'మేడం, మీరు నోరు మెదపొద్దు. నన్ను బతికించినట్లు మిమ్మల్నీ కర్నూలులోనే బతికించుకుంటా. మీలాంటి తల్లిని ఈ సిన్నాస్పత్రుల్లో పండబెడతానా?' అన్నాడు. ఏడుస్తా అన్నాడు సామీ. నాకు 'అన్నా, తొక్కన్నా, తొక్కు' అన్నాడు. నేను తొక్కినా."

కారు ఎమ్మిగనూరులోకి వచ్చింది. బస్టాండు దాటింది. ఆస్పత్రికి తిరిగే మలుపు దాటింది. మా మగ్గాల చప్పుడు వినిపించేంత దగ్గరగా దాటి ఉంటుంది. మలుపు దాటాక ఆమె చెయ్యి ఎత్తి కాలర్ ఎముక కింద రెండు వేళ్లతో నొక్కుకుంది. తరువాత ఆ చేత్తోనే కింద వెతికింది. సంచి ముందు సీటు కిందికి జారిపోయి ఉంది. "సంచి భద్రంగానే ఉంది మేడం, భయపడొద్దు," అన్నాడు నా తమ్ముడు. ఆ తరువాత ఆమెకు మాట రాలేదు. పెదవులు నల్లబడ్డాయి. ఒకప్పుడు తన పెదవులు కూడా అట్లాగే నల్లబడ్డాయని వాడికి ఎట్లా తెలుస్తుంది? తన పెదవులను తను చూసుకోలేదు కదా.

కర్నూలులో చూసిన డాక్టరు, ఎముకలు విరిగి రొమ్ములో గాలి నిండి ఉందని చెప్పాడు. ఎమ్మిగనూరులో ఆపి ఉంటే బతికేదని నేను ప్రమాణం చేయను. ఆ లెక్క పైవానిది. ఆపి ఉంటే నేర్చిన చెయ్యి ఒకటి ఆమె మీద పడి ఉండేది, అంతవరకు చెప్పగలను. సంచి కోసం ఎందుకు వెతికిందో కూడా ఎవరికీ తెలియదు. తనే పొడుచుకోవాలనుకుందో, బండి ఆగితే ఎవరి చేతికైనా ఇవ్వాలనుకుందో. సూది సంచిలోనే ఉంది, పొట్లం చింపకుండా.

ఆదోనిలో మట్టికి తీసుకుపోయేటప్పుడు ఎంతమంది వచ్చారో! మిల్లుల్లోంచి హమాలీలు తలల్లో పత్తి పింజలతోనే వచ్చారు. మా ఎమ్మిగనూరు నేతగాళ్లు వచ్చారు. ఆ పుచ్చకాయలమ్మే ఆమె వీధి మొదట్లో నిలబడి ముక్కు చీదుతూ ఉంది. శవాన్ని ఉంచిన జనాజాను ఒక భుజం నుంచి ఇంకో భుజానికి మార్చుకుంటూ మోస్తున్నారు. నేనూ కాసేపు భుజం పట్టాను. నా తమ్ముడు కూడా ముందుకు వచ్చాడు. ఎవరో, "వీడేలే, ఊరు దాటించి తోలకపోయింది," అన్నారు. ఇంకొకరు, "సంపి, ఇంగ మోసేకి వచ్చినావా?" అన్నారు. వాడు ఆగిపోయాడు. జనాజా వాడి ముందు నుంచే వెళ్లిపోయింది.

ఆ రోజు నుంచి ఇంట్లో గోడకు ఆనుకుని కూర్చున్నాడు. అన్నం పెడితే ముట్టకుండానే చెయ్యి కడిగి లేచేవాడు. చొక్కా ఎత్తి గాటు చూపించే మనిషి, ఇప్పుడు స్నానం చేసేటప్పుడు కూడా చొక్కా విప్పడం లేదని మా మరదలు ఏడ్చింది. నేను పోయి పక్కన కూర్చున్నాను. వాడు అడిగాడు.

"అన్నా, నువ్వు వాక్యం సదివినోనివి. అబద్ధం సెప్పవు. నేను సంపినానా?"

కుష్ఠు సోకిన ఒక సేనాధిపతి సంగతి మా గ్రంథంలో ఉంది. రోగం పోవాలంటే ఏటిలో మునగమని ప్రవక్త చెబితే, ఈ చిన్న ఏటిలో మునగమంటారా, మా దేశంలో ఇంతకంటే పెద్ద నదులు లేవా అని అలిగి వెళ్లిపోబోయాడు. వాడిది గర్వం. నా తమ్ముడిది గర్వం కూడా కాదు, ప్రేమ. ప్రేమించిన మనిషికి పెద్దదే ఇవ్వాలనుకున్నాడు. మన జిల్లా మొత్తం అట్లాగే అనుకుంటుంది. దగ్గర ఆపితే ప్రేమ తక్కువైనట్టు, దూరం తీసుకుపోతే ప్రేమ ఎక్కువైనట్టు! ఇదంతా చెప్పాలనుకున్నాను. వాడి చెయ్యి పట్టుకుని కూర్చున్నాను.

ఆ ప్రశ్నకు జవాబు చెప్పే హక్కున్న మనిషి తరువాత తనే వచ్చింది. డాక్టరమ్మ అక్క. ముసలావిడ, మోకాళ్ల నొప్పులు, మెట్టు ఎక్కడానికి గోడ పట్టుకుంది. చేతిలో చెల్లెలి సంచి. నా తమ్ముడు ఆమెను చూసి లేచి, తలుపు వెనక్కి పోయి, పిల్లవాడిలా ముఖం దాచుకున్నాడు.

"బయటికి రా బేటా. నిన్ను తిట్టనీకె రాలేదు."

"నేనే సంపినా అమ్మా."

"మా సెల్లెలిని దారిలో పడేసి పోయినావా?"

"లేదమ్మా."

"ఎత్తుకుని పోయినావు. తల ఒళ్లో పెట్టుకుని పోయినావు. దిక్కు తప్పు బేటా, మనసు తప్పు కాదు. దిక్కు మార్సుకో."

మారుమనసు గురించి నేను ఎన్ని వేల మాటలు బోధించానో! వెళ్లే దారిలోంచి వెనక్కి తిరగడమే మారుమనసు. ఆ ముసలావిడ రెండు ముక్కల్లో చెప్పేసింది. తరువాత సంచిలోంచి సూది పొట్లం తీసి వాడి చేతిలో పెట్టింది. "దీన్ని ఎవరి మీదా వాడొద్దు. నీకు రాదు. కనపడేతట్టు పెట్టుకో, అంతే."

వాడు ఆ రోజు అన్నం తిన్నాడో లేదో నేను చూడలేదు. నవ్వడం ఇప్పటికీ లేదు. మరునాడు పొద్దున మాత్రం ఆటో ముందు అద్దం దగ్గర కట్టిన నిమ్మకాయలూ మిరపకాయలూ తెంపేశాడు. నా మగ్గం దగ్గరికి వచ్చి దారం అడిగాడు. నేను పడుగులోంచి ఒక పోగు తెంపి ఇచ్చాను. దానితో ఆ పొట్లాన్ని అద్దానికి కట్టాడు.

ఎక్కినవాళ్లు అడుగుతారు. "ఏందన్నా అది, దిష్టికా?"

"కాదన్నా. యాడ ఆపాలనో సెప్పనీకె."

ఇంక మీ సంగతి. మొదట అడిగిన ప్రశ్నకు మీరు ఇంకా జవాబు చెప్పలేదు. నోటితో చెప్పకండి, కాళ్లతో చెప్పండి. ఈ రోజే మీ ఇంటికి దగ్గరున్న ఆస్పత్రి గేటు దాకా పోయి రండి. లోపలికి పోయి మర్యాదగా అడగండి: రొమ్ముకు దెబ్బ తగిలి ఊపిరాడని మనిషిని తెస్తే, గాలి తీసే సూది ఉందా, పొడిచే చెయ్యి ఉందా? ఉందంటే ఆ మాట మీ వీధి ఆటోవాళ్లకు, మీ ట్రాక్టరువాళ్లకు, మీ ఇంట్లో అడ్డం పడి ఏడ్చే తల్లికి ఈ పూటే చెప్పండి. లేదంటే, ఉండేదాకా అడుగుతూనే ఉండండి. ఏ ఆస్పత్రి దగ్గరో ముందే తెలిసి ఉంటే ఆ గడియలో చెయ్యి తడబడదు. డాక్టరు సూది ఎత్తితే అడ్డం పడకండి. మొక్కండి, పక్కన నిలబడి మొక్కండి, దారియ్యండి. దూరం ఎప్పుడైనా పోవచ్చు. ముందు దగ్గర ఆపండి.

నిన్న నేను తమ్ముడి ఆటో ఎక్కాను. ఏ ఊరికని అడగలేదు వాడు. నేరుగా తీసుకొచ్చి ఎమ్మిగనూరు ఆస్పత్రి మలుపులో తిప్పి, గేటు ముందు ఆపాడు. ఇంజను ఆగింది. ఇద్దరం కూర్చుని ఆ గేటు వైపు చూశాం. అద్దం ముందు, నా మగ్గం పోగుకు వేలాడుతూ, చింపని ఆ తెల్ల పొట్లం ఇంకా అటూ ఇటూ ఊగుతూనే ఉంది.

మీరింకా కూర్చునే ఉన్నారా? లేవండి.